పంచశీలము తెలిసిన ఊరిలో కసిప్పు: సింహళ గ్రామములలో సాంఘిక జీవితము, మద్యపానము

ఉపోద్ఘాతము

శ్రీలంకలోని సింహళ గ్రామములో మద్యము మంచిదని వాదించే మనిషి దొరకటము కష్టము. త్రాగేవాడు సైతము అది తప్పేనని ఒప్పుకొంటాడు. చిన్ననాట తెల్లబట్టలు కట్టుకొని విహారమునకు వెళ్లి, పెద్దలతో కలిసి పంచశీలము పలికినవాడే అతడు. అందులో ఐదవది మత్తు పదార్థములకు దూరముగా ఉంటాననే ప్రతిజ్ఞ. అయినను ప్రొద్దు గూకిన తరువాత అదే ఊరిలో, కొబ్బరితోటల వెనుక, కాలువ గట్టున, చీకటి దారుల చివర, పురుషులు గుంపులుగా చేరి ఒక గాజుగ్లాసును చేతులు మారుస్తూ త్రాగుతారు.

ఈ రెండు విషయములు ఒకే ఊరిలో, అనేకసార్లు ఒకే మనిషిలో ఎట్లు ఇముడుచున్నవి? బోధ చాలక ఈ త్రాగుడు సాగుచున్నదా, లేక బోధకు అందని మరొక అవసరమేదైనా దానిని నిలబెట్టుచున్నదా? ఈ వ్యాసములో మేము పరిశీలించదలచినది ఈ ప్రశ్ననే. సింహళ గ్రామమును గూర్చి మానవశాస్త్రజ్ఞులు, చరిత్రకారులు చేసిన పరిశోధనలు మాకు ఆధారము. మా అభిప్రాయమును ముందే చెప్పుట మంచిది. సింహళ గ్రామములో మద్యపానము అజ్ఞానమువలన సాగుట లేదు. పురుషుల స్నేహము, సిగ్గు, ఇచ్చిపుచ్చుకొనుట అనే మూడు దారములతో అది ఊరి జీవితములోనికి అల్లుకొనిపోయినది. ఆ దారములను చూడకుండ త్రాగుడును మాత్రమే ఖండించే బోధ, త్రాగేవాని చెవికి క్రొత్తగా ఏమియు చెప్పదు.

1. ఊరి కట్టుబాట్లు

సింహళ భాషలో ఊరిని 'గమ' అంటారు. పొలములు, చెరువు లేక వాగు, ఇండ్ల చుట్టు కొబ్బరి, పనస, అరటి తోటలు, ఎత్తైన చోట 'పన్సల' అనబడే బౌద్ధ విహారము, ఇవి అనేక గ్రామములలో కనిపించును. ఊరి జీవితము పరస్పర సహాయముపై నడచును. నాట్లకు, కోతలకు ఒకరి పొలములో ఒకరు పనిచేసి, ఆ పనిని తిరిగి పనితోనే తీర్చుకొనే పద్ధతిని 'అత్తమ్' అంటారు. కూలిపని, యంత్రములు పెరిగినందున ఈ పద్ధతి చాలవరకు తగ్గినను, దాని వెనుకనున్న భావము తగ్గలేదు. పుచ్చుకొన్నవాడు తిరిగి ఇవ్వవలెను, ఇవ్వనివాడు ఊరిలో చిన్నబోవును.

మరణ సమయములో ఈ భావము స్పష్టముగా కనబడును. దాదాపు ప్రతి గ్రామములో 'మరణాధార సమితి' ఉంటుంది. సభ్యులు చందా కట్టుకొని, ఎవరింట చావు జరిగినను కుర్చీలు, పందిరి, ఖర్చులకు సొమ్ము సమకూర్చుదురు. దారి పొడవున తెల్ల జెండాలు కట్టుదురు. శవము ఇంటిలో ఉన్న రాత్రులు ఊరి పురుషులు మేలుకొని కూర్చుందురు. ఏడవ దినమున, మూడవ నెలలో, సంవత్సరమునకు భిక్షువులకు దానము చేసి, ఆ పుణ్యమును చనిపోయినవారికి అర్పింతురు.

ఇంకొక కట్టుబాటు 'లజ్జ-బయ'. ఈ మాటలకు తెలుగు పాఠకులకు వివరణ అక్కరలేదు. లజ్జ అనగా సిగ్గు, బయ అనగా భయము. నలుగురు నవ్వుదురేమో అనే జంకు అని కలిపి చెప్పవచ్చును. పిల్లలకు, ముఖ్యముగా ఆడపిల్లలకు, దీనిని చిన్నతనమునుండి నేర్పుదురు. సిగ్గులేనివాడు అనిపించుకొనుట అక్కడ కఠినమైన నింద. గణనాథ్ ఒబేసేకర ఈ భావము సింహళ వ్యక్తిత్వమునకు ఎంత ముఖ్యమో చూపించెను. జోనాథన్ స్పెన్సర్ 1990లో ప్రచురించిన గ్రామ అధ్యయనములో, బహిరంగముగా కోపమును చూపకుండ అణచుకొనుటకు ఊరివారు ఇచ్చు విలువను వివరించెను. కోపము, కోరిక, ఎగతాళి, గొప్పలు, కన్నీరు, వీటన్నిటిని మనిషి నలుగురిలో మూసిపెట్టుకొని తిరుగవలెను. ఈ సంగతిని పాఠకులు గుర్తుంచుకొనవలెను, ఎందుకనగా మద్యము చేయు పని ఇక్కడే మొదలగును.

2. రా, అరక్కు, కసిప్పు

సింహళ గ్రామములో మత్తు పానీయములు ముఖ్యముగా మూడు విధములు. మొదటిది 'రా', అనగా కల్లు. నైరుతి సముద్రతీరములో, కళుతర పరిసరములలో, కొబ్బరి చెట్ల పూగెలలనుండి దీనిని తీయుదురు. ఒక చెట్టునుండి మరొక చెట్టునకు కొబ్బరినార త్రాళ్లు కట్టి, కల్లుగీతగాండ్రు నేల దిగకుండనే వాటిపై నడచి పోవుదురు. కొండ ప్రాంతములలో 'కితుల్' చెట్టునుండి కల్లు వచ్చును. మన ఏజెన్సీ ప్రాంతములలో జీలుగు అని పిలిచే చెట్టు ఇదే. పులియకుండ కాపాడిన కితుల్ నీరాను కాచి పానకము, బెల్లము చేయుదురు. అవి సింహళ వంటలో నేటికి ప్రీతికరమైనవి. ఒకే చెట్టు పిల్లలకు తీపిని, పెద్దలకు మత్తును ఇచ్చును.

రెండవది 'అరక్కు', అనగా కల్లును బట్టీపట్టి తీసిన సారా. కొబ్బరికల్లు అరక్కు శ్రీలంకకు ప్రత్యేకమైనది. ప్రభుత్వ అనుమతితో తయారై, పన్ను చెల్లించి, సీసాలలో అమ్మబడును. పెండ్లిలో, పండుగలో, అతిథి మర్యాదలో దీనికే గౌరవము.

మూడవది 'కసిప్పు'. ఇది దొంగసారా. పీపాలలో నీరు, చక్కెర, ఈస్ట్ కలిపి పులియబెట్టిన 'గోడా'ను, నీటివసతి ఉన్న మరుగు ప్రదేశములో కట్టెల మంటపై బట్టీపట్టి తీయుదురు. పన్ను లేదు గనుక చవక. కూలివాని ఒక దినపు సంపాదనలో అరక్కు సీసా పెద్ద భాగమును మ్రింగివేయును, కసిప్పు గ్లాసు చిన్న మొత్తమునకే దొరకును. కసిప్పు కాచేవాడు, మోసేవాడు, అమ్మేవాడు, పోలీసులు వచ్చుచున్నారని కబురు అందించేవాడు, వీరందరికి అది జీవనాధారము. గనుక ఊరిలో దానిని ఏవగించుకొనేవారు కూడ దానిపై ఫిర్యాదు చేయుటకు వెనుకాడుదురు. అమ్మేవాడు బంధువు, లేదా పొరుగువాడు.

3. ఐదవ శీలము

బౌద్ధములోని పంచశీలము ఆజ్ఞ కాదు. ఒక దేవుడు విధించిన ధర్మశాస్త్రముగా దానిని ఎవరును భావించరు. ఇది నేను నేర్చుకొనుటకు పూనుకొను శిక్షణ అని ఉపాసకుడు స్వయముగా స్వీకరించును. మత్తును విడువమనుటకు కారణము ప్రమాదము, అనగా మెలకువ లేకపోవుట. మెలకువ పోయినవాడు మిగిలిన నాలుగు శీలములను కూడ కాపాడుకొనలేడు. గృహస్థుల ధర్మమును బోధించే సిగాలోవాద సూత్రములో త్రాగుడువలన కలిగే ఆరు నష్టములు చెప్పబడినవి. ధననష్టము, కలహము, రోగము, అపకీర్తి, సిగ్గు విడుచుట, బుద్ధిహీనత అనునవి ఆ ఆరు. ఈ పట్టికలో తిరిగి సిగ్గు కనిపించుట గమనించదగినది.

ప్రతి పౌర్ణమి 'పోయ' దినము. శ్రీలంకలో అది ప్రభుత్వ సెలవు. ఆ దినమున మద్యపు దుకాణములు మూయబడును. భక్తిగలవారు, ముఖ్యముగా వృద్ధ స్త్రీలు, తెల్లబట్టలు ధరించి విహారములో అష్టశీలము పాటించుచు దినమంతయు గడుపుదురు. మే నెలలో వచ్చు వేసక్, జూన్‌లో వచ్చు పొసొన్ పౌర్ణములు మరింత ఘనముగా జరుగును. అయితే దుకాణము రేపు మూసియుండునని తెలిసినవాడు ముందటి దినముననే సీసా తెచ్చి దాచుకొనును. అతడు పోయను తృణీకరించుట లేదు. కొందరు త్రాగుబోతులు ఆ ఒక్క దినము నిజముగానే మానుదురు. శీలము యెడల గౌరవము, శీలమును తప్పుట, ఈ రెండిటికి వేర్వేరు వేళలు, వేర్వేరు స్థలములు ఏర్పడినవని మాత్రమే మనము చెప్పగలము.

వయస్సునుబట్టి కూడ ఇట్టి విభజన ఉన్నది. యౌవనములో త్రాగుట, నడివయస్సులో తగ్గించుట, వృద్ధాప్యములో శీలము పట్టుట, ఇది మగవాని జీవితమునకు సహజమైన క్రమమని ఊరు అనుకొనును. మారుమనస్సు ఉన్నది, కాని అది రాబోవు కాలమునకు వాయిదా వేయబడినది.

4. గ్లాసు చుట్టు చేరిన వలయము

సింహళ గ్రామములో ఒంటరిగా త్రాగేవాడు జాలికి పాత్రుడు. త్రాగుట గుంపు పని. కొందరు కలిసి డబ్బు పోగుచేసి సీసా కొందురు. డబ్బు లేనివానికి ఈ దినము మరొకరు పోయుదురు, రేపు అతడు పోయవలెను. పొలములో 'అత్తమ్' ఎట్లు నడచునో ఇక్కడ గ్లాసు అట్లే నడచును. పోసినదానిని త్రోసివేయుట పోసినవానిని త్రోసివేయుటయే. మానదలచినవాడు ఓడిపోవుట ఎక్కువగా ఇక్కడనే జరుగును. అతడు మద్యమును మాత్రమే విడిచిపెట్టలేడు. దానితోపాటు తన స్నేహితులను, తనకు పని ఇప్పించేవారిని, తన కష్టములో నిలబడినవారిని దూరము చేసికొనవలసివచ్చును.

పెండ్లిలో స్త్రీలు, పిల్లలు, పెద్దలు ఒకచోట కూర్చుందురు. మగవారికి ఇంటి వెనుక గాని, ప్రక్క గదిలో గాని సీసాలు ఉంచబడును. దానితో తినుటకు వేపుడు చేప, మాంసము, శనగలు వంటివి ఉండును, వీటిని 'బైట్' అంటారు. మగవారు ముందు త్రాగి, చాల ఆలస్యముగా భోజనము చేసి, వెంటనే బయలుదేరుదురు. చావు ఇంట శవమున్న చోట మద్యము రాదు. రాత్రి మేలుకొనే పురుషులు మాత్రము పేకాట నడుమ లేచి వెళ్లి, కొంచెము దూరములో త్రాగి తిరిగివచ్చుదురు. ఏప్రిల్ నడుమ వచ్చే సింహళ నూతన సంవత్సరములో ఇంటింట పిండివంటలు పంచుకొందురు, మగవారు ఇంటింట గ్లాసు పంచుకొందురు. అందరికి తెలియును, ఎవరును చూడరు. చూడనట్లుండుటయే మర్యాద.

వలయములో కూర్చున్నవానికి లజ్జ-బయ సడలును. పగలు మాటలాడని కూలివాడు పాట పాడును. భూమి తగాదాలో నోరు మెదపని తమ్ముడు అన్నను తిట్టును. మరునాడు, అప్పుడు అతనికి 'సిహియ' లేదు అని ఇంటివారు చెప్పుదురు. సిహియ అనగా తెలివి, మెలకువ. స్మృతి అనే మాటకు సంబంధించినదే అది. బౌద్ధములో కర్మకు మూలము సంకల్పము గనుక, మెలకువ లేనివాని మాటకు పూర్తి బరువు ఉండదని ఊరు సగము క్షమించును. శ్రీలంక మానసిక వైద్యుడు దియనాత్ సమరసింఘె ఈ సంగతిని నొక్కి చెప్పిన వారిలో ఒకరు. త్రాగనివానికి లేని స్వేచ్ఛను సమాజము త్రాగినవానికి ఇచ్చుచున్నది. మత్తు ఎంతవరకు సీసానుండి వచ్చునో, అంతవరకు ఈ అనుమతినుండి కూడ వచ్చునని మేము తలంచుచున్నాము. ఏ శీలములో త్రాగుడు ప్రమాదమని చెప్పబడినదో, ఆ ప్రమాదమే ఇక్కడ త్రాగేవానికి సాకుగా మారినది.

5. ఇంటిలోనివారు

ఈ క్షమాపణకు వెల చెల్లించేది ఎవరు? సింహళ గ్రామములో త్రాగే స్త్రీలు అతి కొద్దిమంది. ఇంటి పరువు స్త్రీ లజ్జపై ఆధారపడియున్నదని ఊరు నమ్మును. గనుక పురుషుడు సిగ్గు విడిచిన రాత్రి, ఇంటి సిగ్గును కాపాడవలసిన భారము భార్యపై పడును. ఆమె కేకలు వేసినయెడల పొరుగువారు వినెదరు, విన్నయెడల పరువు పోవును. దెబ్బను మరుగుచేయుట, అప్పును తీర్చుట, ఉదయము పిల్లలను బడికి పంపుట, ఇవన్నియు మౌనముగా జరుగవలెను.

1980ల నుండి అనేక వేలమంది సింహళ స్త్రీలు పనిమనుషులుగా గల్ఫ్ దేశములకు వెళ్లుచున్నారు. మిషెల్ గాంబర్డ్ అనే మానవశాస్త్రజ్ఞురాలు నైరుతి తీరములోని ఒక గ్రామమునకు మారుపేరు పెట్టి చేసిన అధ్యయనములు ఈ విషయములో విలువైనవి. భార్య సంపాదన ఇంటికి వచ్చుచున్నప్పుడు, పోషకుడనే పేరు కోల్పోయిన భర్త త్రాగుబోతు స్నేహితుల నడుమ తన మగతనమును నిలుపుకొనజూచును. ఇల్లు కట్టుకొందుమని పంపిన సొమ్ము గ్లాసులలో పంచబడును. పంచిపెట్టే చేయి ఊరిలో ఉదారమైనదిగా కనిపించును, ఆ సొమ్మును సంపాదించిన చేయి దూరముననున్నది. అయితే భర్తలందరు ఇట్టివారని చెప్పుట అన్యాయము. పిల్లలను పెంచి, సొమ్మును జాగ్రత్తచేసి, ఇల్లు కట్టినవారును ఉన్నారు.

2008లో వెలువడిన ఆమె గ్రంథము 'బ్రేకింగ్ ది యాషెస్' కసిప్పును గూర్చినదే. బూడిదను చెదరగొట్టుట అని ఆ పేరునకు అర్థము. రాత్రి బూడిద క్రింద కప్పిన నిప్పును ఉదయము కదిపి పొయ్యి రాజేసినట్లు, దినములో మొదటి గ్లాసు త్రాగుటకు ఊరివారు వాడే మాట అది. పొయ్యి స్త్రీది, గ్లాసు పురుషునిది. ఒకే పోలిక రెండిటికి సరిపోవుట మమ్మును ఆలోచింపజేసినది.

చట్టము సైతము ఈ భేదమును ప్రతిబింబించెను. స్త్రీలకు మద్యము అమ్మరాదని 1979లో ప్రభుత్వము నిషేధించెను. 2018 జనవరిలో ఆర్థికమంత్రి మంగళ సమరవీర ఆ నిషేధమును తొలగించగా, కొన్ని దినములలోనే అధ్యక్షుడు మైత్రీపాల సిరిసేన దానిని తిరిగి అమలులో పెట్టించెను. త్రాగుటలో స్త్రీకి సమానత్వము కావలెనా అని దేశము వాదించినది. త్రాగినవాని చేతిలో ఆమెకు రక్షణ కావలెనా అనే ప్రశ్న అంత గట్టిగా వినబడలేదు.

6. ఉద్యమముల చరిత్ర

మద్యమును ఎదిరించుట సింహళులకు క్రొత్త కాదు. బ్రిటిష్ పాలనలో ప్రభుత్వము సారా అమ్మే హక్కును వేలము వేసెను. ఆ హక్కు కొన్న స్థానిక గుత్తదారులు గొప్ప ధనవంతులైరి. పందొమ్మిదవ శతాబ్దపు శ్రీలంక సంపన్నవర్గమునకు మొదటి పెట్టుబడి చాలవరకు సారా గుత్తలనుండియే వచ్చెనని కుమారి జయవర్ధన తన 'నోబడీస్ టు సంబడీస్' గ్రంథములో నిరూపించెను. పేదవాని గ్లాసునుండి పెద్దవాని మేడ లేచినది.

1904లో మద్యపాన వ్యతిరేక ఉద్యమము మొదలై, 1912లో క్రొత్త ఆబ్కారీ చట్టము వచ్చి కల్లు దుకాణములు పెరిగినప్పుడు మరల రగిలెను. అనగారిక ధర్మపాల, డి.బి. జయతిలక, ఎఫ్.ఆర్. సేననాయక, డి.ఎస్. సేననాయక వంటివారు అందులో పాల్గొనిరి. 1915 అల్లర్ల సమయములో వీరిలో అనేకులను ప్రభుత్వము చెరలో పెట్టెను. స్వతంత్ర శ్రీలంకకు మొదటి ప్రధానమంత్రియైన డి.ఎస్. సేననాయక రాజకీయ జీవితము ఈ ఉద్యమముతో ముడిపడియున్నది.

ఇక్కడ మన వేదాంత విద్యార్థులు తప్పక గమనించవలసిన సంగతి ఒకటి ఉన్నది. ఈ ఉద్యమము వాడిన సంఘములు, ప్రతిజ్ఞలు, సభలు చాలవరకు ప్రొటెస్టెంటు మిషనరీలనుండి నేర్చుకొన్నవే. అయితే అది వారిని అనుసరించక ఎదిరించెను. మద్యము తెల్లవాని వస్తువు, క్రైస్తవుని అలవాటు అని ధర్మపాల ప్రచారము చేసెను. మిషనరీలలో అనేకులు మద్యమును ఖండించినను, సారా గుత్తలతో ఖజానా నింపుకొన్న ప్రభుత్వమును, ఆ ప్రభుత్వపు మతమును గ్రామస్థుడు వేరుచేసి చూడలేదు. మద్యమును ఖండించిన నోరు ఎవరిది అనే ప్రశ్న, ఖండనము కంటె ముందుగా వినబడినది. సింహళ కతోలిక జాలరుల గ్రామములలో, నీగొంబోనుండి చిలాపము వరకు ఉన్న తీరమున, త్రాగుడు తక్కువ లేదని కూడ మనము ఒప్పుకొనవలెను. మతము మారినంతమాత్రమున వలయము మారలేదు.

2006లో అధ్యక్షుడు మహింద రాజపక్స 'మతట తిత' అనే కార్యక్రమమును ప్రారంభించెను. మత్తునకు చుక్క పెట్టుట అని దాని అర్థము. అదే సంవత్సరము వచ్చిన చట్టము మద్యపు ప్రకటనలను నిషేధించి, 21 ఏండ్ల లోపువారికి అమ్మకమును ఆపెను. ఇవి మేలైన పనులే. అయితే అరక్కుపై పన్ను పెరిగినప్పుడెల్ల పేదవాడు కసిప్పు వైపు మరలును. 2022 ఆర్థిక సంక్షోభము తరువాత ధరలు పెరిగినప్పుడును ఇదే జరిగెను. చట్టము సీసాను చేరగలదు, వలయమును చేరలేదు.

ముగింపు

ఇంతవరకు చూచినదానినిబట్టి మేము మూడు మాటలు చెప్పదలచితిమి. మొదటిది, త్రాగుట తప్పని తెలియనివారు సింహళ గ్రామములో లేరు. గనుక తప్పును మరల ప్రకటించుటవలన త్రాగేవాడు మారడు, మరింత చీకటిలోనికి జరుగును.

రెండవది, మానదలచినవానికి మరొక వలయము కావలెను. గ్లాసు లేకుండ కూర్చుని, నవ్వి, ఏడ్చి, తగాదా చెప్పుకొని, అప్పు తీర్చుకొనగల చోటు ఊరిలో ఉన్నదా? మరణాధార సమితి వంటి సంస్థలను నడుపగలిగిన ఊరికి ఇది అసాధ్యము కాదు. సిగ్గును కోల్పోకుండ మనస్సు విప్పుకొనే స్థలము లేనంతకాలము, మనిషి సిగ్గును మరపించే దానినే వెదకును.

మూడవది, త్రాగినవానికి ఇచ్చే క్షమాపణను ఊరు తిరిగి లెక్కచూచుకొనవలెను. సిహియ లేదు అనే మాటతో రాత్రి జరిగినది తుడిచివేయబడినప్పుడు, ఆ రాత్రిని సిహియతోనే అనుభవించిన భార్యయు పిల్లలును లెక్కలోనికి రాలేదు. వారి మౌనమును పరువు అని పిలుచుట మానిన దినమున, ఈ విషయమై ఊరిలో నిజమైన సంభాషణ ప్రారంభమగును. గ్రామములలో సేవచేయబోవు మన విద్యార్థులు ఏ మతస్థుల నడుమ ఉన్నను, త్రాగేవానితో మాటలాడుటకు ముందు ఆ ఇంటి వంటగదిలోనివారి మాట వినవలెనని మేము కోరుచున్నాము.